డాక్టరు పని వద్దన్నారు, ఆస్పత్రే కట్టింది

గుంటూర్లో కుగ్లర్ ఆస్పత్రి అంటే పాతోళ్ళందరికీ తెలుసు. ఆ పేరు ఒక మనిషిదని మాత్రం మన కుర్రోళ్ళకి తెలీదు. పురుళ్ళ బిల్లుల గొడవల్లో ఆస్పత్రుల చుట్టూ తిరిగే నాకు ఆమె కథ చెప్పాలనిపించింది.

అన్నా సారా కుగ్లర్ 1856లో అమెరికాలో పుట్టింది. 1879లో పెన్సిల్వేనియా ఆడవాళ్ళ మెడికల్ కాలేజీలో డాక్టరు పట్టా తీసుకుంది. గుంటూరు ఆడోళ్ళకి డాక్టరు కావాలని కబురొస్తే వస్తానంది. లూథరన్ మిషన్ పెద్దలేమో వైద్యం వద్దు, బోధన పని చూసుకోమన్నారు. 1883లో ఆ పని మీదే వచ్చింది. వస్తూ వస్తూ డాక్టరు పనిముట్లు వెంట తెచ్చుకుంది. తెగువంటే అదీ!

అప్పట్లో పురుడంటే మంత్రసానే. బిడ్డ అడ్డం తిరిగితే దేవుడి మీద భారమే. మగ డాక్టర్ని ఘోషా ఇళ్ళు గడప తొక్కనివ్వవు. ఈమె తాకితే మైల అనుకునే ఇళ్ళకీ వెళ్ళి వైద్యం చేసింది. మిషనోళ్ళు డాక్టరుగా ఒప్పుకుంది 1885లో. పట్టా చేతికొచ్చిన ఆరేళ్ళకన్నమాట. మగోడైతే ఇన్నాళ్ళు ఆపేవాళ్ళా?

ఆస్పత్రి 1898లో తెరిచారు. సర్కారు సొమ్ము కాదు, అమెరికా చర్చి ఆడోళ్ళు పోగేసిన చందాలు. నర్సుల ట్రైనింగూ మొదలైంది. తన ఇంటోళ్ళకి చేసిన వైద్యానికి మెచ్చి ఏలూరు రాజా భుజంగరావు రోగుల బంధువులకి సత్రం కట్టించాడు. తెల్ల సర్కారిచ్చిన కైసరే హింద్ పతకం కన్నా నాకు ఆ సత్రమే గొప్ప. పురిటికొచ్చిన పిల్ల వెనక తల్లీ అత్తా ఎక్కడ వండుకుంటారు, ఎక్కడ పడుకుంటారు? ఇయ్యాల అద్దాల ఆస్పత్రుల ముందూ మెట్ల మీదే పడుకుంటున్నారుగా.

1930లో గుంటూర్లోనే కన్నుమూసింది. ఆస్పత్రికి ఆమె పేరే నిలిచింది.