డాక్టరు యల్లాప్రగడ సుబ్బారావుగారు

తెనాలి, బాపట్ల, రేపల్లె ప్రాంతములవారు బోదకాలు వ్యాధిని చిరకాలముగా నెరుగుదురు. క్యూలెక్సు దోమకాటువలన దేహమున జొచ్చు సన్నని పురుగులే దీనికి మూలము. వానిని హరించు మందును లోకమున కొసంగిన పరిశోధకులకు నాయకుడు మన తెలుగువాడే.

సుబ్బారావుగారు 1895వ సంవత్సరము జనవరి 12వ తేదీన భీమవరమున జన్మించిరి. మెట్రిక్యులేషను పరీక్షలో రెండుమారులు తప్పియు నిరుత్సాహపడక మూడవమారు కృతార్థులైరి. మద్రాసు వైద్యకళాశాలలో ఖద్దరు ధరించి ఆచార్యుని యాగ్రహమునకు గురియై, ఎం.బి.బి.ఎస్. పట్టమునకు మారుగా ఎల్.ఎం.ఎస్. పట్టమునే పొందిరి. సోదరులిరువురు సంగ్రహణిచే మరణించిరి. తామును ఆ రోగమునకు లోనై, డాక్టరు ఆచంట లక్ష్మీపతిగారి యాయుర్వేద చికిత్సచే బ్రతికిరి.

పిమ్మట అమెరికాకేగి, హార్వర్డు విశ్వవిద్యాలయమున పరిశోధించి, 1940లో లెడర్లీ సంస్థయందు చేరిరి. అచ్చట వారి పర్యవేక్షణమున పరిశోధకులు కాలేయమునుండి ఫోలిక్ ఆమ్లమును వేరుపరచి, 1945లో దానిని కృత్రిమముగ తయారుచేసిరి. సోదరులను బలిగొన్న సంగ్రహణికి అది మందయ్యెను. 1947లో హెట్రజాన్ వెలువడెను. అంతకుముందు బోదకాలునకు ఆర్సెనిక్, ఆంటిమనీ కలిసిన తీవ్రమైన సూదిమందులను ప్రయోగించెడివారు. ఇదియో, నోట మ్రింగు మందు. మరుసటి యేడు, 1948 ఆగస్టులో, 53వ యేట వారు న్యూయార్కున మరణించిరి.

2004 మొదలు మన దేశమున బోదకాలు నిర్మూలనమునకై ఇంటింట పంచబడిన డైఇథైల్ కార్బమజైన్ మాత్ర ఈ హెట్రజానే. అది రక్తమందలి పిల్లపురుగులను నశింపజేయును. కాని ముదిరి లావెక్కిన కాలిని పూర్వస్థితికి తేజాలదు. కావున విద్యార్థులారా! వ్యాధి ముదురకముందే రక్తపరీక్ష చేయించుకొనుడు. వైద్యులు చెప్పిన మాత్రను పారవేయక మ్రింగుడు. ఇంటిచెంత మురుగు నిలువనీయకుడు. ఆ మహనీయుని శ్రమ ఫలించుట మన చేతిలోనున్నది.