కలకత్తాను గడగడలాడించిన ఐరిష్ పోలీసు

ఐర్లండ్‌లో మనం జరుపుకునే ఆగస్టు పదిహేను సభల్లో ఒక మాట తప్పక వినిపిస్తుంది. మన రెండు దేశాలూ ఒకే దొరతనం కింద నలిగాయని, ఒకరిని చూసి ఒకరు పోరాడామని. దానికి ఉదాహరణగా వి.వి.గిరి గారి పేరు వస్తుంది. 1913లో బరంపురం నుంచి డబ్లిన్ వచ్చి న్యాయశాస్త్రం చదువుతూ, 1916 ఈస్టర్ తిరుగుబాటు తర్వాత ఈ దేశం విడిచి వెళ్ళాల్సి వచ్చిన తెలుగువాడు ఆయన. ఆ మాట నిజమే, కానీ సగం నిజం. మిగతా సగం కోసం సర్ చార్లెస్ టెగార్ట్ గురించి చెబుతాను.

టెగార్ట్ 1881లో డెర్రీలో పుట్టాడు. తండ్రి మీత్ కౌంటీలోని డన్‌బాయిన్‌కు చెందిన చర్చ్ ఆఫ్ ఐర్లండ్ మతగురువు. మనవాళ్ళు చాలామందికి డన్‌బాయిన్ డబ్లిన్ ఆఫీసులకు రైలెక్కే ఊరుగా తెలుసు. టెగార్ట్ ఎనిస్‌కిలెన్‌లోని పోర్టోరా రాయల్ స్కూల్లోనూ, కొద్దికాలం ట్రినిటీ కాలేజీలోనూ చదివి, 1901లో ఇండియన్ పోలీసు సర్వీసులో చేరాడు. 1906 నుంచి ఆయన ఉద్యోగమంతా దాదాపు కలకత్తాలోనే. బెంగాలీ బాగా నేర్చుకుని, విప్లవకారుల వెంట పడటమే పనిగా పెట్టుకున్నాడు.

మొదటి ప్రపంచ యుద్ధ కాలంలో బాఘా జతిన్ బృందం జర్మనీ ఆయుధాల కోసం ఎదురు చూస్తోంది. కలకత్తాలో ఒక దుకాణం సోదా చేస్తే దొరికిన ఆచూకీతో పోలీసులు బాలేశ్వర్ చేరారు. మనం విశాఖ నుంచి హౌరా వెళ్ళే రైలు దారిలో వచ్చే ఊరే అది. 1915 సెప్టెంబరు 9న అక్కడ ఐదుగురు యువకులు పెద్ద పోలీసు బలగాన్ని ఎదిరించారు. మర్నాడు జతిన్ ఆసుపత్రిలో కన్నుమూశాడు. ఆ వేటలో టెగార్ట్‌ది ముఖ్యపాత్ర.

1923లో ఆయన కలకత్తా పోలీసు కమిషనర్ అయ్యాడు. మరుసటి జనవరిలో గోపీనాథ్ సాహా అనే యువకుడు టెగార్ట్ అనుకుని ఎర్నెస్ట్ డే అనే వ్యాపారిని కాల్చి చంపాడు. ఉరికంబం ఎక్కాడు. 1926లో టెగార్ట్‌కు సర్ బిరుదు వచ్చింది. 1930 ఆగస్టు 25న డల్హౌసీ స్క్వేర్‌లో ఆయన కారుపై బాంబులు పడ్డాయి. ఆయన బతికాడు. బాంబు వేసిన ఇద్దరిలో అనుజాచరణ్ సేన్‌గుప్తా అక్కడే చనిపోయాడు.

వారం తిరక్కుండానే ఆయన ఫ్రెంచివారి చందర్‌నగర్‌లో ఒక ఇంటిని చుట్టుముట్టాడు. లోపల ఉన్నది చిట్టగాంగ్ ఆయుధాగార దాడి వీరులు. జీవన్ ఘోషాల్ మరణించాడు, గణేశ్ ఘోష్, లోక్‌నాథ్ బల్ పట్టుబడ్డారు. నన్ను ఆలోచనలో పడేసేది ఇదే. సూర్యసేన్ దళం ఐర్లండ్‌ను చూసి తమకు ఇండియన్ రిపబ్లికన్ ఆర్మీ అని పేరు పెట్టుకుంది. డబ్లిన్ తిరుగుబాటు లాగే ఈస్టర్ రోజుల్లోనే దాడి చేసింది. వాళ్ళను వేటాడిందీ ఐర్లండ్ వాడే! అప్పటికి డన్‌బాయిన్ ఐరిష్ ఫ్రీ స్టేట్‌లో భాగమై ఎనిమిదేళ్ళు.

1931లో కలకత్తా వదిలి, లండన్‌లో ఇండియా కౌన్సిల్ సభ్యుడయ్యాడు. 1937 చివర్లో అరబ్బుల తిరుగుబాటు అణచడానికి పాలస్తీనా వెళ్ళాడు. ఆయన సలహాతో కట్టిన కాంక్రీటు పోలీసు కోటలు, టెగార్ట్ కోటల పేరుతో, ఇప్పటికీ అక్కడ కొన్ని నిలిచే ఉన్నాయి. ఖైదీలను హింసించి ప్రశ్నించే పద్ధతుల ఆరోపణలు కూడా ఆయన పేరుకు అంటుకునే ఉన్నాయి. 1946 ఏప్రిల్‌లో, భారత స్వాతంత్ర్యానికి ఏడాది ముందు, మరణించాడు.

ధైర్యం, పట్టుదల, పని మీద శ్రద్ధ టెగార్ట్‌కు పుష్కలంగా ఉన్నాయి. నైపుణ్యం అమ్ముకుని పరాయి దేశాల్లో బతికే మన ఉద్యోగస్తులకు అవి చాలా పరిచయమైన గుణాలు. అవి ఎవరికి ఉపయోగపడుతున్నాయన్న ప్రశ్న వేసుకోకపోతే ఏమవుతుందో ఆయన జీవితం చూపిస్తుంది. ఈసారి సభలో గిరి గారి పేరుతో పాటు ఈ పేరు కూడా పిల్లలకు చెబుదాం. దేశాల స్నేహం పుట్టిన ఊరిని బట్టి రాదని, మనిషి ఏ పక్షాన నిలబడ్డాడన్నదాన్ని బట్టే వస్తుందని వాళ్ళకు అర్థమవుతుంది.