మరలకు కొలత కూర్చిన విట్‌వర్త్

కోరాపుట్ జిల్లాలోని మాచ్‌ఖండ్ జలవిద్యుత్ కేంద్రం 1955లో ప్రారంభమైంది. అది ఆంధ్ర, ఒడిశా రాష్ట్రాల ఉమ్మడి కేంద్రం. అక్కడ ఆరు పెద్ద యంత్రాలున్నాయి. అంతటి యంత్రాల్లోనైనా, మన ఇంటి సైకిల్లోనైనా భాగాలను పట్టి ఉంచడానికి బోల్టులు, నట్లు కావాలి. సైకిలు నట్టు పోతే అంగడికి వెళ్లి అదే కొలత నట్టు తెచ్చుకుంటాం. ఒకప్పుడు ఈ వీలు లేదు. దీనికి దారి చూపినవాడు జోసెఫ్ విట్‌వర్త్.

విట్‌వర్త్ 1803లో ఇంగ్లండులోని స్టాక్‌పోర్టులో జన్మించాడు. చిన్నతనంలోనే తల్లిని కోల్పోయాడు. పద్నాలుగో ఏట మేనమామ నూలుమిల్లులో చేరాడు. కాని అతని మనసు వ్యాపారం మీద కాక యంత్రాల మీద నిలిచింది. మిల్లు విడిచి మాంచెస్టరు చేరి, మెకానిక్కుగా పనిచేశాడు. 1825లో లండను వెళ్లి, హెన్రీ మాడ్‌స్లే అనే గొప్ప యంత్రనిపుణుని కార్ఖానాలో పని నేర్చుకున్నాడు. 1833లో మాంచెస్టరుకు తిరిగివచ్చి సొంత కార్ఖానా పెట్టాడు.

ఆ కాలంలో ఏ కార్ఖానా మర దానిదే. ఒకచోట చేసిన నట్టు మరొకచోటి బోల్టుకు ఎక్కేది కాదు. బోల్టు విరిగితే సరిపోయేది మళ్లీ చేయించాలి. అంతవరకు యంత్రం మూలపడవలసిందే.

విట్‌వర్త్ తన కార్ఖానా మరనే అందరూ వాడాలని పట్టుపట్టలేదు. అనేక కార్ఖానాల నుంచి బోల్టులు సేకరించి, వాటి మరచుట్లను ఓపికగా కొలిచాడు. ఆ కొలతల సగటు తీసి, మరచుట్ల కోణం 55 డిగ్రీలుగా నిర్ణయించాడు. ఏ లావు బోల్టుకు అంగుళానికి ఎన్ని చుట్లుండాలో పట్టిక తయారుచేశాడు. అర అంగుళం బోల్టుకు 12 చుట్లు. 1841లో ఈ పద్ధతిని ఇంజనీర్ల ముందుంచాడు. రైల్వే కంపెనీలు దానిని స్వీకరించాయి. క్రమంగా అది బ్రిటన్ అంతటా వ్యాపించింది.

విట్‌వర్త్ సంపన్నుడైనా తన తొలి రోజులను మరువలేదు. యంత్రవిద్య నేర్చే యువకుల కోసం 1868లో ఉపకారవేతనాలు ఏర్పాటుచేశాడు. 1887లో మరణించాడు.

ఆయన కొలతలు అంగుళాలలో ఉండేవి. మీటర్లు వాడే ఐరోపా దేశాలవారు 1898లో జూరిచ్ నగరంలో సమావేశమై, 60 డిగ్రీల కోణంతో మెట్రిక్ మరలను నిర్ణయించారు. మనదేశం 1956లో మెట్రిక్ కొలతల చట్టం చేసింది. నేడు ఎం 10 బోల్టు అంటే మరల దగ్గర లావు 10 మిల్లీమీటర్లు. సాధారణంగా చుట్టుకూ చుట్టుకూ మధ్య దూరం 1.5 మిల్లీమీటర్లు. కాని దానికి 10 నంబరు పానా పట్టదు. 16 లేదా 17 నంబరు పానా కావాలి. ఎందుకంటే పానాపై అంకె బోల్టు లావును కాక, నట్టు ఎదురెదురు పక్కల మధ్య దూరాన్ని తెలుపుతుంది. విట్‌వర్త్ పానాలపై అంకె బోల్టు లావునే తెలిపేది. అందుకే పాత యంత్రం విప్పేవారు ముందుగా అది ఏ పద్ధతిదో చూసుకోవాలి. సరిపడని పానాతో బలవంతంగా తిప్పితే నట్టు మూలలు అరిగిపోతాయి.

విట్‌వర్త్ నిర్ణయించిన కొలతలు చాలావరకు మారిపోయాయి. కాని అందరూ ఒక కొలతకు కట్టుబడాలన్న ఆయన ఆలోచన నిలిచింది. ఒక ఊరి బోల్టుకు మరో దేశపు నట్టు ఎక్కుతున్నదంటే, ఒకరినొకరు చూడని పనివారు ఒకే మాటపై నిలబడ్డారన్నమాట.