బంతిని దారిలోనే అందుకున్న యోధుడు ఎమ్లెన్ టనెల్

అమెరికన్ ఫుట్‌బాల్‌లో ప్రేక్షకుల చూపు సాధారణంగా బంతిని విసిరే ఆటగాడి మీదా, దానిని అందుకొని పరుగెత్తే ఆటగాడి మీదా నిలుస్తుంది. ఆ ఇద్దరి మధ్య బంతి గాలిలో ఉన్న రెండు మూడు క్షణాలే డిఫెన్సివ్ బ్యాక్ అనే రక్షకుడికి దక్కే అవకాశం. ప్రత్యర్థి మనసులోని ఎత్తుగడను ముందే పసిగట్టి, బంతి చేరవలసిన చోటికి తానే ముందుగా చేరి, గద్ద తన్నుకుపోయినట్లు దానిని తన్నుకుపోవాలి. దీనిని ఇంటర్‌సెప్షన్ అంటారు. ఈ విద్యలో ఎమ్లెన్ టనెల్ 1948 నుంచి 1961 వరకు నేషనల్ ఫుట్‌బాల్ లీగ్‌లో 79 సార్లు సఫలుడయ్యారు. ఆరు దశాబ్దాలు గడిచినా ఆ సంఖ్యను దాటిన ఆటగాడు ఒక్కరే. అయితే టనెల్ జీవితంలో మైదానం ఒక భాగం మాత్రమే. మిగిలిన కథ చాలాకాలం లోకానికి అంతగా తెలియలేదు.

ఆయన 1924లో పెన్సిల్వేనియా రాష్ట్రంలోని బ్రిన్ మార్‌లో జన్మించారు. ఫిలడెల్ఫియా నగర శివార్లలోని గారెట్ హిల్‌లో తల్లి సంరక్షణలో పెరిగారు. రాడ్నర్ ఉన్నత పాఠశాలలో ఆటగాడిగా పేరు తెచ్చుకొని, 1942లో ఒహాయో రాష్ట్రంలోని టొలీడో విశ్వవిద్యాలయంలో చేరారు. అక్కడి మొదటి ఏడాదిలోనే ఆటలో మెడ ఎముక విరిగింది. ఫుట్‌బాల్ ఇక ముగిసినట్లేనని భావించవలసిన దెబ్బ అది. ఆయన మాత్రం కోలుకొని, అదే విద్యా సంవత్సరంలో బాస్కెట్‌బాల్ జట్టులోకి వచ్చారు. ఆ జట్టు 1943లో న్యూయార్క్‌లో జరిగిన జాతీయ ఆహ్వాన పోటీలో తుది పోరు దాకా చేరింది.

అది యుద్ధకాలం. మెడ గాయం కారణంగా పదాతి దళమూ, నౌకాదళమూ ఆయనను తీసుకోలేదు. తీర రక్షక దళం తీసుకుంది. ఆనాటి అమెరికా సేనల్లో నల్లజాతి యువకులకు దక్కే పని చాలావరకు వంటశాలకూ, అధికారుల భోజనశాలలో వడ్డనకూ పరిమితం. టనెల్‌కు దొరికినదీ అటువంటి కొలువే. 1944 ఏప్రిల్‌లో ఆయన పనిచేస్తున్న ఎటమిన్ అనే సరకు రవాణా నౌక న్యూగినీ తీరంలో ఉంది. లోపల పేలుడు పదార్థాలు, పెట్రోలు ఉన్నాయి. జపాన్ విమానం వదిలిన టార్పెడో నౌకను తాకింది. తోటి నావికుడొకరికి ఒళ్లంతా మంటలు అంటుకున్నాయి. టనెల్ ఉత్త చేతులతో ఆ మంటలను ఆర్పి, అతడిని మోసుకొని సురక్షిత ప్రదేశానికి చేర్చారు. చేతులు కాలాయి. తరువాతి కాలంలో వేలాది ప్రేక్షకుల ఎదుట బంతిని ఒడిసిపట్టినవి ఆ చేతులే.

రెండేళ్ల తరువాత, 1946లో, ఉత్తర అట్లాంటిక్‌లోని న్యూఫౌండ్‌లాండ్ వద్ద టాంపా అనే నౌక నుంచి మరొక నావికుడు సముద్రంలో పడిపోయాడు. నీరు దాదాపు గడ్డకట్టే స్థితిలో ఉంది. టనెల్ దూకి అతడిని బయటకు తెచ్చారు. ఈ రెండు సందర్భాలలోనూ ప్రాణాపాయం స్పష్టంగా ఎదుటే ఉంది. అయినా ఆయన సైనిక సేవ ముగిసేనాటికి ఏ పతకమూ ఆయనకు అందలేదు.

యుద్ధానంతరం అయోవా విశ్వవిద్యాలయం తరఫున రెండు సీజన్లు ఆడారు. కంటికి శస్త్రచికిత్స జరగడంతో చదువు మధ్యలో ఆగింది. చేతిలో డబ్బు లేదు. లీగ్ జట్లు ఏటా కళాశాలల నుంచి ఆటగాళ్లను ఎంచుకునే జాబితాలో ఆయన పేరు లేదు. 1948 వేసవిలో ఆయన గారెట్ హిల్ నుంచి న్యూయార్క్‌కు బయలుదేరారు. రైలు టికెట్ కొనుక్కొని కాదు, దారిన పోయే వాహనాలను చెయ్యెత్తి ఆపుకుంటూ. వెస్టిండీస్‌కు చెందిన ఒక డ్రైవరు అరటి గెలలతో వెళ్తున్న తన లారీలో ఆయనను ఎక్కించుకున్నాడు. అలా వెళ్లి న్యూయార్క్ జయంట్స్ జట్టు కార్యాలయంలో అడుగుపెట్టి, తనకు ఒక అవకాశం ఇవ్వమని ఆయన అడిగారు. యజమాని టిమ్ మారా ఒప్పుకున్నారు.

ఆ ఒప్పుకోలు ఆనాటికి చిన్న విషయం కాదు. 1934 నుంచి 1945 వరకు లీగ్‌లో ఒక్క నల్లజాతి ఆటగాడు కూడా లేడు. లిఖిత నిబంధన ఏదీ లేకుండానే తలుపులు మూసుకుపోయాయి. 1946లో లాస్ ఏంజెలెస్ రామ్స్ జట్టు కెన్నీ వాషింగ్టన్, వుడీ స్ట్రోడ్‌లను తీసుకోవడంతో ఆ తలుపు కొద్దిగా తెరుచుకుంది. జయంట్స్ చరిత్రలో మొదటి నల్లజాతి ఆటగాడు టనెల్. పిలుపు కోసం ఎదురుచూడకుండా తానే వెళ్లి తలుపు తట్టిన మనిషి ఆయన.

తొలి ఏడాది 7, రెండో ఏడాది 10 ఇంటర్‌సెప్షన్లు ఆయన ఖాతాలో చేరాయి. 1950లో శిక్షకుడు స్టీవ్ ఓవెన్ ఒక కొత్త వ్యూహం పన్నారు. ఆ ఏడాదే లీగ్‌లో చేరిన క్లీవ్‌లాండ్ బ్రౌన్స్ జట్టుకు ఓటో గ్రాహమ్ విసిరే బంతులే బలం. వాటిని అడ్డుకోవడానికి వెనుక నిలిచే నలుగురు రక్షకులను వంపుగా నిలబెట్టారు. పై నుంచి చూస్తే తెరిచిన గొడుగులా కనిపించే ఈ అమరికకు గొడుగు వ్యూహమనే పేరే స్థిరపడింది. అందులో ఒక పక్క టనెల్, ఇంకొక పక్క తరువాతి కాలంలో డల్లాస్ జట్టు శిక్షకుడిగా ప్రసిద్ధికెక్కిన టామ్ లాండ్రీ. ఆ ఆటలో జయంట్స్ 6-0తో నెగ్గింది. బ్రౌన్స్ ఒక్క పాయింటు కూడా సాధించలేకపోవడం ఆ జట్టు చరిత్రలో అదే మొదటిసారి. ఈనాడు లీగ్‌లోని ప్రతి జట్టూ నలుగురు వెనుక రక్షకులను నిలపడం మామూలు సంగతి. ఆ రోజుల్లో అది సాహసం.

టనెల్ రక్షకుడే అయినా, బంతి చేతికి చిక్కిన తరువాత ఆయన ఆగేవారు కాదు. 1952 లెక్క ఒకటి ఆశ్చర్యం గొలుపుతుంది. ఇంటర్‌సెప్షన్ల మీద 149 గజాలు, ప్రత్యర్థి తన్నిన పంట్‌లను అందుకొని 411 గజాలు, కిక్‌ఆఫ్‌ల మీద 364 గజాలు, మొత్తం 924 గజాలు ఆయన పరుగెత్తారు. ఆ ఏడాది బంతితో పరుగెత్తడమే వృత్తిగా గలవారిలో ప్రథముడైన డాన్ టౌలర్ సాధించినవి 894 గజాలు. జట్టు దాడికి దిగినప్పుడు బయట కూర్చునే ఒక ఆటగాడు దాడి చేసేవారిలో మేటిని మించిపోయాడన్నమాట.

1956 డిసెంబరు 30న యాంకీ స్టేడియంలో, గడ్డకట్టిన నేల మీద, షికాగో బేర్స్‌ను 47-7తో చిత్తుచేసి జయంట్స్ విజేతగా నిలిచింది. రెండేళ్ల తరువాత బాల్టిమోర్ కోల్ట్స్‌తో అదనపు సమయం దాకా సాగిన తుది పోరులో ఓడింది. జయంట్స్‌లో సహాయ శిక్షకుడిగా ఉన్న విన్స్ లొంబార్డీ 1959లో గ్రీన్ బే పాకర్స్ బాధ్యతలు చేపట్టినప్పుడు టనెల్‌ను వెంట తీసుకువెళ్లారు. కాళ్లలో వేగం తగ్గిన ఆటగాడిని అంత దూరం తీసుకుపోవడానికి కారణం ఆయన బుర్రలోని ఆట. విల్లీ వుడ్, హెర్బ్ ఆడర్లీ వంటి యువకులు అక్కడ ఆయన వద్ద మెలకువలు నేర్చుకున్నారు. ఆ ఇద్దరూ తరువాత కీర్తి మందిరంలో స్థానం పొందారు. 1961 చివరి రోజున పాకర్స్ తుది పోరులో 37-0తో గెలిచింది. ఓడిన జట్టు మరేదో కాదు, న్యూయార్క్ జయంట్స్. దానితో టనెల్ ఆట ముగించారు.

అప్పటికి 79 ఇంటర్‌సెప్షన్లు లీగ్ రికార్డు. 1979లో పాల్ క్రాస్ దానిని అధిగమించి 81 వద్ద ఆగారు. 1967లో ఒహాయోలోని కాంటన్ నగరంలో ఉన్న కీర్తి మందిరం టనెల్‌ను స్వీకరించింది. ఆ గౌరవం పొందిన మొదటి నల్లజాతీయుడు ఆయనే. కేవలం రక్షకుడిగా ఆడి అక్కడికి చేరిన మొదటి వ్యక్తీ ఆయనే.

ఆట మానినా ఆయన ఆటను విడువలేదు. కొత్త ఆటగాళ్లను వెతికే పని చేశారు. 1965లో జయంట్స్ పూర్తికాల సహాయ శిక్షకుడయ్యారు. ఆధునిక కాలంలో ఆ హోదా పొందిన తొలి నల్లజాతీయులలో ఆయన ముందువరుసలో ఉంటారు. ప్రధాన శిక్షకుడి పదవి మాత్రం ఆయన దరికి రాలేదు. ఆ పీఠం మీద ఒక నల్లజాతీయుడు, ఆర్ట్ షెల్, కూర్చోవడానికి 1989 వరకు ఆగవలసివచ్చింది. టనెల్ వంటి అనుభవజ్ఞుడిని లీగ్ ఎన్నడూ ఆ పదవికి పిలవకపోవడాన్ని కేవలం యాదృచ్ఛికమనుకోవడం కష్టం. 1975 జూలైలో, న్యూయార్క్ రాష్ట్రంలోని ప్లెజెంట్‌విల్‌లో జయంట్స్ శిక్షణ శిబిరం సాగుతుండగా, ఆయన గుండెపోటుతో మరణించారు. యాభై ఏళ్లు దాటి ఎంతో కాలం కాలేదు.

మరణించిన 36 ఏళ్లకు, 2011లో, అమెరికా తీర రక్షక దళం ఆయనకు ప్రాణరక్షణ రజత పతకాన్ని ప్రకటించింది. న్యూగినీ తీరంలోని మంటలకూ, న్యూఫౌండ్‌లాండ్ చల్లటి నీటికీ సంబంధించిన గుర్తింపు అది. పదేళ్ల తరువాత ఆ దళం తన కొత్త గస్తీ నౌకకు ఎమ్లెన్ టనెల్ అని పేరు పెట్టి, 2021లో ఆయన స్వస్థలానికి దగ్గరలోని ఫిలడెల్ఫియాలో సేవలో చేర్చింది. ఒకప్పుడు వడ్డన పనికి పరిమితం చేసిన యువకుడి పేరున్న ఆ నౌక బహ్రెయిన్ కేంద్రంగా, అరేబియా సముద్రంలో మాదకద్రవ్యాల రవాణాను అడ్డుకునే గస్తీలో పాల్గొంటోంది.