తక్కెడలో మాత్ర: యల్లాప్రగడ సుబ్బారావు కథ

సూర్యాపేట, కోదాడ, మిర్యాలగూడ... ఏ ఊళ్లో మెడికల్ షాపుకి వెళ్లినా ఓ నాలుగు రకాల మాత్రలు మామూలుగా దొరుకుతాయి. గర్భిణులకు రాసే ఫోలిక్ యాసిడ్, కీళ్లవాతానికి వాడే మెథోట్రెక్సేట్, ఇన్ఫెక్షన్లకు వాడే డాక్సీసైక్లిన్. నాలుగోది డీఈసీ. దాన్ని షాపులో కొన్నవాళ్ల కంటే, బోదకాలు రాకుండా అని ఆశా కార్యకర్త ఇంటికి తెచ్చిస్తే చూసినవాళ్లే మనలో ఎక్కువ. ఈ నాలుగింటి వెనకా ఒకే మనిషి పని ఉంది. ఆయనది భీమవరం. పేరు యల్లాప్రగడ సుబ్బారావు.

స్కూల్ పుస్తకంలో ఆయన గురించి మనం చదివింది ఒక పేరా, పరీక్షలో ఒక మార్కు. ఇక్కడ ఆయన జీవితాన్ని వేరే వైపు నుంచి చూద్దాం. ఇప్పుడు ఫార్మకో ఎకనామిక్స్ అని ఒక వృత్తి ఉంది. ఒక మందు ఎంత మేలు చేస్తుంది, ఎంత కీడు చేస్తుంది, ఎంత ఖర్చవుతుంది అన్నది లెక్కగట్టి, దాన్ని జనానికి ఇవ్వొచ్చా లేదా అని చెప్పడమే వాళ్ల పని. సుబ్బారావు ఆ ఉద్యోగం చేయలేదు. కానీ ఆ వృత్తిలో తూకం ఎలా వేస్తారో అర్థం కావాలంటే ఆయన మందుల కంటే మంచి ఉదాహరణలు దొరకవు.

1895 జనవరి 12న పుట్టాడు. పెద్ద కుటుంబం, చిన్న ఆదాయం. చిన్నప్పుడే ఇంట్లోంచి పారిపోయి, కాశీ వెళ్లి యాత్రికులకు అరటిపళ్లు అమ్ముకుందామనుకుంటే, తల్లి వెంకమ్మ వెనక్కి తెప్పించి బడిలో కూర్చోబెట్టింది. మెట్రిక్యులేషన్ మూడోసారికి గానీ పాసవలేదు. బ్యాక్‌లాగ్‌లు ఉన్నవాళ్లు ఈ వాక్యం ఇంకోసారి చదువుకోవచ్చు!

తర్వాత మద్రాస్ మెడికల్ కాలేజీ. స్వదేశీ ఉద్యమం మీద అభిమానంతో ఖద్దరు సర్జికల్ గౌను వేసుకుని వెళ్లాడు. అది సర్జరీ ప్రొఫెసర్‌కి నచ్చలేదు. చివరికి ఎంబీబీఎస్ బదులు దానికంటే తక్కువదైన ఎల్ఎంఎస్ సర్టిఫికెట్ చేతికొచ్చింది. ప్రభుత్వ వైద్య ఉద్యోగం దొరకలేదు. ఆయుర్వేద కళాశాలలో పాఠాలు చెప్పాడు.

ఆయన్ని అసలు కుదిపేసింది డిగ్రీ గొడవ కాదు. ఇద్దరు అన్నదమ్ములు రోజుల తేడాతో చనిపోయారు. జబ్బు పేరు ట్రాపికల్ స్ప్రూ. పేగులు తిన్నదాంట్లోంచి సారాన్ని పీల్చుకోలేవు. మనిషి ఎంత తిన్నా చిక్కిపోతాడు, రక్తం తగ్గిపోతుంది. అప్పట్లో దానికి సరైన మందు లేదు. డాక్టరీ చదువుతున్నవాడు ఇంట్లో ఉండి కూడా ఏమీ చేయలేని పరిస్థితి.

1920ల మొదట్లో మామగారి సాయంతో, కాకినాడ మల్లాడి సత్యలింగ నాయకర్ ధర్మనిధి నుంచి వచ్చిన డబ్బుతో అమెరికా వెళ్లి హార్వర్డ్‌లో ఉష్ణమండల వ్యాధుల కోర్సులో చేరాడు. భార్య శేషగిరి ఇక్కడే ఉండిపోయింది. కొన్నేళ్లలో వస్తానన్నవాడు మళ్లీ రాలేదు. ఆమె ఆయన్ని తిరిగి చూడనే లేదు. పుట్టిన కొడుకు పసితనంలోనే పోయాడు. మందు ధర లెక్కేసేటప్పుడు ముడిసరుకు, ఫ్యాక్టరీ, ప్యాకింగ్ అన్నీ లెక్కలోకి వస్తాయి. ఇలాంటివి ఏ కాలమ్‌లోనూ రావు.

బోస్టన్‌లో ఖర్చుల కోసం ఆస్పత్రిలో రాత్రిపూట చాకిరీ చేశాడు. డిప్లొమా అయ్యాక సైరస్ ఫిస్కే దగ్గర బయోకెమిస్ట్రీలో చేరాడు. రక్తంలో, మూత్రంలో ఫాస్ఫరస్ ఎంతుందో కొలిచే ఫిస్కే-సుబ్బారావు పద్ధతి 1925లో వచ్చింది. ఆ తర్వాత కండరాల్లో ఫాస్ఫోక్రియాటిన్, 1929లో ఏటీపీ. అదే ఏడాది జర్మనీలో లోమన్ కూడా విడిగా ఏటీపీని గుర్తించాడు. ఇంటర్‌లో బైపీసీ ఫ్రెండ్స్ బట్టీపట్టిన ఏటీపీ ఇదే. ఇంత చేసినా హార్వర్డ్‌లో పర్మనెంట్ పోస్టు రాలేదు. 1940లో న్యూయార్క్ రాష్ట్రంలోని పెర్ల్ రివర్‌లో లెడర్లే లేబొరేటరీస్‌లో చేరాడు. అక్కడే పరిశోధన విభాగానికి అధిపతి అయ్యాడు.

ఇక ఆయన మందుల దగ్గరికొద్దాం.

మొదటిది ఫోలిక్ యాసిడ్. గర్భిణుల్లో వచ్చే ఒక రకం రక్తహీనత ఈస్ట్ సారంతో తగ్గుతుందని 1931లో లూసీ విల్స్ అనే ఇంగ్లిష్ డాక్టర్ చెప్పింది. ఆమె ఆ పని చేసింది బొంబాయిలో, బట్టల మిల్లు కార్మిక స్త్రీల మధ్య. ఈస్ట్‌లో ఏ పదార్థం ఆ పని చేస్తోందో తెలీదు. 1941లో అమెరికా శాస్త్రవేత్తలు ఆ పదార్థం కాస్తంత తీయడానికి ఏకంగా 4 టన్నుల పాలకూర వాడారు. ఆ లెక్కన అది మేలు చేస్తుందని తెలిసినా ఎవరికీ అందదు. సుబ్బారావు బృందం 1945లో దాన్ని ల్యాబ్‌లో తయారుచేసింది. ఇప్పుడు ప్రభుత్వం స్కూళ్లలో, అంగన్‌వాడీల్లో ఐరన్‌తో కలిపి ఉచితంగా ఇస్తోంది. మేలు మారలేదు, ఖర్చు మాత్రమే పడిపోయింది. అంతమాత్రానికే కోట్లమందికి అందింది.

రెండోది దీనికి పూర్తిగా ఎదురు. బోస్టన్‌లో పిల్లల డాక్టర్ సిడ్నీ ఫార్బర్, లుకేమియా ఉన్న పిల్లలకు ఫోలిక్ యాసిడ్ రకం మందు ఇస్తే జబ్బు ఇంకా వేగంగా పెరగడం గమనించాడు. అంటే ఆ క్యాన్సర్ కణాలకు ఫోలిక్ యాసిడ్ మేత అన్నమాట. అయితే మేతలాగే కనిపించే నకిలీ పదార్థం పెడితే? సుబ్బారావు బృందం అలాంటివి చేసి పంపింది. వాటిలో ఒకటి అమినోప్టెరిన్. అసలు తాళంచెవిలా ఉండి తాళంలో ఇరుక్కుపోయే దొంగ తాళంచెవి లాంటిది. కణం విడిపోలేదు, పెరగలేదు.

చిక్కేంటంటే ఆ దొంగ తాళంచెవికి క్యాన్సర్ కణమేదో మంచి కణమేదో తెలీదు. వేగంగా పెరిగే ప్రతి కణాన్నీ దెబ్బకొడుతుంది. నోట్లో పుళ్లు పడతాయి, పేగులు దెబ్బతింటాయి, ఎముక మజ్జ కుంగిపోతుంది. ఇలాంటి విషాన్ని పసిపిల్లలకు ఇవ్వొచ్చా? ఫార్బర్ 1948లో ప్రచురించిన పేపర్ ప్రకారం 16 మంది పిల్లలకు ఇస్తే 10 మందిలో మెరుగుదల కనిపించింది. అదీ తాత్కాలికమే, జబ్బు తిరగబెట్టింది. కానీ మందు ఇవ్వకపోతే ఆ పిల్లల ముందున్నవి వారాలు, లేదంటే కొద్ది నెలలు. తక్కెడలో అవతలి పళ్లెంలో చావు ఉన్నప్పుడు ఇవతలి పళ్లెంలో విషం కూడా తేలికే అవుతుంది. దాని తమ్ముడు మెథోట్రెక్సేట్ విషగుణం కాస్త తక్కువగా ఉండటంతో నిలబడింది. ఇప్పటికీ పిల్లల లుకేమియా చికిత్సలో ఇతర మందులతో కలిపి వాడుతున్నారు.

అదే మెథోట్రెక్సేట్‌ని కీళ్లవాతానికి తక్కువ మోతాదులో, వారానికి ఒక్కసారే ఇస్తారు. పొరపాటున రోజూ మింగితే ప్రాణం మీదికొస్తుంది. దుష్ప్రభావాలు తగ్గడానికి తోడుగా ఫోలిక్ యాసిడ్ రాస్తారు. ఒకే చీటీ మీద సుబ్బారావు గారి రెండు మందులు, ఒకటి తాళం బిగించేది, ఇంకోటి సడలించేది. మీ ఇంట్లో నానమ్మకో అమ్మమ్మకో ఆ చీటీ ఉంటే, ఏ రోజు ఏ మాత్రో ఒక్కసారి మీరే చదివి చెప్పండి. ఈ వ్యాసం చదివినందుకు అదే పెద్ద లాభం.

మూడోది డీఈసీ. అప్పటి బ్రాండ్ పేరు హెట్రజాన్. రెండో ప్రపంచ యుద్ధంలో పసిఫిక్ దీవుల్లో అమెరికా సైనికులకు ఫైలేరియా సోకింది. దాంతో మందు కోసం వెతుకులాట మొదలైంది, 1947లో ఇది బయటికొచ్చింది. ఉమ్మడి నల్లగొండ జిల్లా ఫైలేరియా ఉన్న ప్రాంతమే. మురికి కాల్వల్లో పెరిగే క్యూలెక్స్ దోమ దాన్ని మోస్తుంది. అందుకే ఇంటింటికీ తిరిగి ఈ మాత్రలు పంచుతూ వచ్చారు. పెద్దవాళ్లకు 100 మిల్లీగ్రాములవి మూడు, తోడుగా ఆల్బెండజోల్ ఒకటి. రెండేళ్ల లోపు పిల్లలకు, గర్భిణులకు, తీవ్రమైన జబ్బుతో ఉన్నవాళ్లకు ఇవ్వరు.

ఇక్కడ తూకం మళ్లీ మారుతుంది. మింగేవాళ్లలో చాలామందికి ఏ జబ్బూ లేదు. కాలు బాగానే ఉంది కదా, మాకెందుకు అంటారు. రక్తంలో పురుగు పిల్లలుంటే అవి చచ్చేటప్పుడు జ్వరం, తలనొప్పి రావొచ్చు. అలా జ్వరమొచ్చిందని తెలిస్తే పక్కింటివాళ్లు మాత్రలు డ్రాయర్‌లో పడేస్తారు. లుకేమియా పిల్లల దగ్గర నోటిపుండు కూడా లెక్కలోకి రాలేదు, ఇక్కడ ఒక పూట జ్వరం కూడా లెక్కే. ఎందుకంటే కష్టం మింగినవాడిది, లాభం మొత్తం వాడది. దోమ కుట్టినా ఎక్కించడానికి పురుగు లేకుండా పోతేనే ఆ వాడలో జబ్బు ఆగుతుంది. వాచిన కాలు ఈ మాత్రతో మామూలుగా అయిపోదు. అందుకే వాయకముందే ఇవ్వాలి. ఇదే డీఈసీని రివర్ బ్లైండ్‌నెస్ ఉన్న ఆఫ్రికా ప్రాంతాల్లో ఇలా పంచరు. అక్కడ ఆ ఇంకో పురుగు చచ్చేటప్పుడు వచ్చే రియాక్షన్ కంటికే ముప్పు. మందు ఒకటే అయినా ఊరు మారితే లెక్క మారుతుంది.

నాలుగోది ఆరియోమైసిన్. మిస్సోరీ నుంచి వచ్చిన ఒక మట్టి నమూనాలో బెంజమిన్ డగ్గర్ కనిపెట్టాడు. లెడర్లేలో ఆ పరిశోధనకు పెద్ద సుబ్బారావే. టెట్రాసైక్లిన్ కుటుంబానికి అది మొదటిది. మన డాక్సీసైక్లిన్ ఆ వంశంలోదే. అది 1948లో లోకానికి తెలిసింది. అదే ఏడాది ఆగస్టులో సుబ్బారావు 53 ఏళ్లకే గుండెపోటుతో పోయాడు.

ఇప్పుడు అన్నదమ్ములను తీసుకుపోయిన ఆ స్ప్రూ దగ్గరికి ఒకసారి వెనక్కి వెళ్దాం. ఈ రోజు ట్రాపికల్ స్ప్రూకి ఇచ్చే చికిత్స కొన్ని నెలల పాటు ఫోలిక్ యాసిడ్, టెట్రాసైక్లిన్. రెండూ ఆయన నడిపిన ల్యాబ్ నుంచి మొదలైనవే, రెండూ చవకవే.

ఇంగ్లండ్‌లో ఈ తూకం వేయడానికి 1999లో నైస్ అనే సంస్థ పెట్టారు. మన దేశంలో 2017 నుంచి హెల్త్ టెక్నాలజీ అసెస్‌మెంట్ ఇన్ ఇండియా అనే విభాగం ఆ పని చేస్తోంది. పాత చికిత్స కంటే కొత్తదానికి అదనంగా ఎంత ఖర్చు, దాంతో అదనంగా ఎన్ని ఆరోగ్యకరమైన ఏళ్లు అని భాగిస్తారు. స్టాటిస్టిక్స్, మోడలింగ్, కోడింగ్ వచ్చినవాళ్లకూ అందులో పని ఉంది. అంటే మనకు కూడా. ఆ కుర్చీలో కూర్చున్నవాళ్లు ప్రతిసారీ అడగాల్సిన ప్రశ్న ఒకటుంది: కష్టం ఎవరు పడుతున్నారు, లాభం ఎవరికి పోతోంది? ధర స్ట్రిప్ మీద ప్రింటై ఉంటుంది. ఈ ప్రశ్నకి జవాబు మాత్రం కోదాడలో ఒకటి, బోస్టన్‌లో ఇంకొకటి. ప్రతి ఊళ్లో మళ్లీ కొత్తగా వెతుక్కోవాల్సిందే.