ముత్తుస్వామి అయ్యరు విగ్రహము

చెన్నపురి హైకోర్టున సర్ తిరువారూరు ముత్తుస్వామి అయ్యరుగారి పాలరాతి విగ్రహము కలదు. వ్యాజ్యముల తొందరలో నున్నవారు దానిని చూచియు చూడక సాగిపోవుదురు. 1954లో గుంటూరున ఆంధ్ర హైకోర్టు నెలకొనువఱకు సర్కారు, రాయలసీమ జిల్లాల రైతుల భూమి తగవుల అప్పీళ్లు ఆ న్యాయస్థానమునకే పోవుచుండెను. కావున ఆ మహనీయుని చరిత్ర మెఱుగుట ఆంధ్రులకును విధియని మేము తలంతుము.

ఆయన 1832లో తంజావూరు జిల్లాయందు బీద కుటుంబమున జన్మించెను. బాల్యముననే తండ్రి గతించుటచే, నెలకు 1 రూపాయి జీతముపై గ్రామ కరణమునకు సహాయకుడుగా కుదిరెను. ఒకనాడు గట్టు తెగినదని తాలూకా కచ్చేరికి వార్త రాగా, ఆ బాలుడు తానే పోయి గండిని పరీక్షించి సమాచారమును సరిగా తెచ్చెను. తహసీలుదారు ముత్తుస్వామి నాయకరు వాని చురుకుదనమునకు మెచ్చి చదువు చెప్పించెను. చెన్నపురిలో విద్యనభ్యసించి, 1854లో ఆంగ్ల వ్యాసరచనకు 500 రూపాయల బహుమానమును పొందెను. పిదప ఉపాధ్యాయుడుగా, మునసబుగా, సదరమీనుగా పనిచేసి, 1868లో చెన్నపురి పోలీసు మేజిస్ట్రేటయ్యెను.

అచ్చటనే ఆయన ధైర్యము పరీక్షకు వచ్చెను. హైకోర్టు జడ్జియైన యొక ఆంగ్లేయుడు తన దేశీయ సేవకుని కొట్టెనని ఫిర్యాదు వచ్చెను. అంతటివానిని కోర్టునకు పిలువరాదని పెద్దలు వారించినను, అయ్యరుగారు సమను పంపి, విచారించి, 3 రూపాయల జుల్మానా విధించిరి. జుల్మానా స్వల్పమే, కాని సేవకుని వీపునకును దొర గౌరవమునకును చట్టమున తారతమ్యము లేదని ఆనాడు స్పష్టమయ్యెను.

తరువాత ఆయనయే మద్రాసు హైకోర్టున ప్రథమ భారతీయ న్యాయమూర్తి యయ్యెను. ఆంగ్లేయుల పత్రికలు ఆ నియామకమును నిరసించినవి. వానికి ప్రత్యుత్తరమియ్య దేశీయుల చేత పత్రిక లేదని గుర్తించి, ఆరుగురు యువకులు 1878 సెప్టెంబరులో హిందూ పత్రికను స్థాపించిరి. ఒక్క నియామకము నుండి ఒక పత్రికయే పుట్టెను. అయ్యరుగారు 1893లో కొన్ని నెలలు తాత్కాలిక ప్రధాన న్యాయమూర్తిగా నుండి, 1895 జనవరిలో దివంగతులైరి.

పరప్రభుత్వోద్యోగియైన వానికి విగ్రహమేలయని కొందఱడుగవచ్చును. ఆయన దొరతనమును ఎదిరింపలేదన్నది నిజమే. కాని దేశీయులు న్యాయపీఠమున కర్హులు కారన్న వాదము ఆయన తీర్పుల యెదుట నిలువలేదు. ఆ గౌరవము వాదోపవాదములవలన గాక పనివలన లభించినది.

పేదవాని ఫిర్యాదును చూచి జంకని న్యాయాధికారి ప్రతి తాలూకాలోను ఉండవలెను. పూలమాలలకన్న ఆ విగ్రహమునకు అదియే తగిన పూజ యని మా యభిప్రాయము.