రఘుపతి వెంకయ్య

రఘుపతి వెంకయ్య నాయుడు (1869 అక్టోబరు 15 - 1941 మార్చి 15) తెలుగు సినిమా పితామహుడుగా పేరొందిన ఛాయాగ్రాహకుడు, చిత్ర ప్రదర్శకుడు, నిర్మాత. ఈయన కృష్ణా జిల్లా మచిలీపట్నంలో జన్మించి మద్రాసులో స్థిరపడ్డాడు. దక్షిణ భారతదేశంలో ఊరూరా తిరిగి చలనచిత్రాలను ప్రదర్శించినవారిలోను, సొంతంగా సినిమా హాలు కట్టించిన భారతీయులలోను తొలితరానికి చెందినవాడు. వెంకయ్య, ఆయన కుమారుడు రఘుపతి ప్రకాష్ కలసి 1921లో నిర్మించిన భీష్మ ప్రతిజ్ఞ తెలుగువారు తీసిన మొదటి మూకీ చిత్రంగా గుర్తింపు పొందింది. ఉన్న ఆస్తిని తాకట్టు పెట్టి ఈ రంగంలో ప్రవేశించిన వెంకయ్య, సంపాదించిన ఆస్తిని కూడా ఇందులోనే పోగొట్టుకొన్నాడు.

జననం, కుటుంబం

వెంకయ్య తండ్రి అప్పయ్య నాయుడు సైన్యంలో సుబేదారుగా పనిచేశాడు. సుప్రసిద్ధ విద్యావేత్త, సంఘసంస్కర్త సర్ రఘుపతి వెంకటరత్నం నాయుడు (1862 - 1939) వెంకయ్యకు అన్న. ఆయన కాకినాడ పిఠాపురం రాజా కళాశాలకు ప్రిన్సిపాలుగాను, 1925 నుండి 1928 వరకు మద్రాసు విశ్వవిద్యాలయానికి ఉపాధ్యక్షుడుగాను పనిచేశాడు.

వెంకయ్య పుట్టిన సంవత్సరాన్ని కొన్ని పుస్తకాలలో 1887గా ముద్రించారు. ఇది సరిపోదు. 1886 నాటికే ఈయన జీవనోపాధి కోసం మద్రాసు చేరుకొన్నాడు. కుమారుడు ప్రకాష్ 1901లో జన్మించాడు. కనుక 1869 అన్నదే సమంజసం.

మద్రాసులో ఛాయాగ్రహణం

చిన్నతనం నుండి బొమ్మలు గీయడంలోను, విగ్రహాలకు రంగులు వేయడంలోను వెంకయ్యకు నేర్పు ఉండేది. ఈ విద్యనే నమ్ముకొని 17 ఏళ్ళ వయసులో మద్రాసు వెళ్ళాడు. అక్కడ ఛాయాగ్రహణం నేర్చుకొని, కాలక్రమాన మౌంటు రోడ్డులో సొంత స్టూడియో నడిపే స్థాయికి వచ్చాడు. నగరంలో స్థిరమైన ఆదాయం, గౌరవం గల వృత్తి అది.

క్రోనోమెగాఫోన్

ఫ్రాన్సు దేశపు గోమాంట్ సంస్థ తయారుచేసిన క్రోనోమెగాఫోన్ అనే యంత్రం వెంకయ్య జీవితాన్ని మలుపు తిప్పింది. ఇందులో తెర మీద కదిలే బొమ్మకు అనుగుణంగా గ్రామఫోను రికార్డు తిరుగుతుంది. ఆ ధ్వని హాలంతటికీ వినబడేటట్లు గాలి ఒత్తిడితో పెంచుతారు. సినిమా ఇంకా మూగగా ఉన్న కాలంలో బొమ్మకు పాటను జతచేసిన సాధనాలలో ఇది ఒకటి. దీని ఖరీదు 30,000 రూపాయలు. అంత సొమ్ము చేతిలో లేకపోవడంతో వెంకయ్య తన స్టూడియోను తాకట్టు పెట్టి 1909-10 ప్రాంతంలో యంత్రాన్ని కొన్నాడు.

మద్రాసు విక్టోరియా పబ్లిక్ హాలులో మొదట ప్రదర్శనలు ఇచ్చి, తరువాత గుడారం వేసి చూపించాడు. ఆపైన ఆంధ్ర ప్రాంతంలోను, బెంగుళూరులోను, సింహళం, బర్మా దేశాలలోను పర్యటించాడు. ఆ రోజులలో బరువైన యంత్రాన్ని, చిత్రాల చుట్టలను, గుడారాన్ని రైలు మీద, ఓడ మీద తరలించుకొని పోవలసి వచ్చేది. ఒక చోట ఆదరణ తగ్గగానే ఇంకొక ఊరు వెతుక్కోవాలి.

సినిమా హాళ్ళు

పర్యటనలు ముగించి మద్రాసు తిరిగి వచ్చిన వెంకయ్య 1914లో గెయిటీ థియేటరు కట్టించాడు. మద్రాసులో భారతీయుడు నిర్మించిన మొదటి సినిమా హాలు ఇదే. తరువాత మింట్ వీధిలో క్రౌన్, పురసవాకంలో గ్లోబ్ థియేటర్లను నెలకొల్పాడు. గ్లోబ్ థియేటరు తదనంతర కాలంలో రాక్సీగా పేరు మారింది. ఈ హాళ్ళలో ఎక్కువగా ఆడినవి విదేశీ చిత్రాలు, వారం వారం కొనసాగే సీరియల్ చిత్రాలు.

భీష్మ ప్రతిజ్ఞ

1913లో దాదాసాహెబ్ ఫాల్కే బొంబాయిలో రాజా హరిశ్చంద్ర విడుదల చేశాడు. ఆ దశాబ్దంలోనే నటరాజ మొదలియారు మద్రాసులో కీచక వధం నిర్మించాడు. పరదేశపు చిత్రాలను చూపడంతో తృప్తిపడని వెంకయ్య, చిత్రనిర్మాణం నేర్చుకొనేందుకు కుమారుణ్ణి ఇంగ్లండు పంపాడు. ప్రకాష్ లండను సమీపంలోని బార్కర్ స్టూడియోలో శిక్షణ పొంది తిరిగి వచ్చాడు. తండ్రీకొడుకులు మద్రాసులో స్టార్ ఆఫ్ ది ఈస్ట్ సంస్థను స్థాపించి, సూర్యకాంతి లోపలికి ప్రసరించేలా అద్దాలతో స్టూడియో కట్టారు.

ఈ సంస్థ మొదటి చిత్రం భీష్మ ప్రతిజ్ఞ. ప్రకాష్ దర్శకత్వం వహించి, భీష్మ పాత్ర ధరించాడు. గంగ పాత్రను పెగ్గీ కాస్టెలో అనే ఆంగ్ల యువతి పోషించింది. తరువాత గజేంద్ర మోక్షం, మత్స్యావతారం, నందనార్ మొదలైన మూకీలు వచ్చాయి. తొలితరం దర్శకుడు సి.పుల్లయ్య ప్రకాష్ వద్దనే పని నేర్చుకొన్నాడు.

స్త్రీ పాత్రల సమస్య

పురాణ కథలోని గంగాదేవికి ఆంగ్ల యువతిని ఎంచుకోవలసి రావడానికి కారణం ఆనాటి సాంఘిక పరిస్థితి. నటన గౌరవప్రదమైన వృత్తి అని కుటుంబ స్త్రీలు భావించేవారు కాదు. వెంకయ్య స్వస్థలానికి చేరువలోని కూచిపూడిలో సత్యభామ వేషాన్ని సైతం పురుషులే ధరించేవారు. ఫాల్కే చిత్రంలో తారామతిగా నటించినది సాలుంకే అనే పురుషుడు. ఆటపాటలలో శిక్షణ పొందిన స్త్రీలు ముఖ్యంగా కళావంతుల కులంలో ఉండేవారు. శుభకార్యాలలో వారి మేజువాణీలను బహిష్కరించాలని పెద్ద ఉద్యమం నడిపినవాడు వెంకయ్య అన్నగారైన వెంకటరత్నం నాయుడే. వ్యభిచారాన్ని రూపుమాపాలన్నది ఆ ఉద్యమ లక్ష్యం. కానీ దాని ఫలితంగా ఎందరో కళాకారిణులు జీవనోపాధిని కోల్పోయారు. ఈ విధంగా ఒకే ఇంట పుట్టిన అన్నదమ్ములలో ఒకరు స్త్రీల ప్రదర్శనలను నిరసించగా, మరొకరు స్త్రీలు లేనిదే సాగని కళకు పునాది వేశాడు.

1932 ఫిబ్రవరి 6న విడుదలైన మొదటి తెలుగు టాకీ భక్త ప్రహ్లాదలో లీలావతి పాత్రను సురభి కమలాబాయి పోషించింది. ఇంటిల్లిపాదీ నటులే అయిన సురభి నాటక సమాజంలో పెరిగిన ఆమెకు రంగస్థలం కొత్త కాదు.

చివరి దశ

చిత్రనిర్మాణం వెంకయ్యకు లాభించలేదు. అప్పులు పెరిగి, కట్టించిన థియేటర్లు చేజారాయి. 1941 మార్చి 15న మరణించే నాటికి తెలుగు టాకీలు ఊరూరా ఆడుతున్నాయి. ప్రకాష్ మాత్రం టాకీలకు కూడా దర్శకత్వం వహించి 1956లో మరణించాడు.

గుర్తింపు

తెలుగు సినిమాకు జీవితకాలం సేవచేసినవారి కోసం ఆంధ్ర ప్రదేశ్ ప్రభుత్వం 1980లో రఘుపతి వెంకయ్య పురస్కారాన్ని నెలకొల్పింది. మొదటి గ్రహీత ఎల్.వి.ప్రసాద్. 2019లో వెంకయ్య జీవితం ఆధారంగా నరేష్ ప్రధాన పాత్రధారిగా ఒక చలనచిత్రం విడుదలైంది. భీష్మ ప్రతిజ్ఞ ప్రతి మాత్రం లభ్యం కావడం లేదు. పితామహుడని పిలిపించుకొన్న వ్యక్తి నిర్మించిన తొలి చిత్రాన్ని చూసే భాగ్యం నేటి తరానికి లేకుండా పోయింది.